కంబోడియా పల్లెలలో ఒక దినము

కంబోడియా యనగానే మనవారికి అంగ్కోర్ వాట్ దేవాలయము స్ఫురించును. అది న్యాయమే. 12వ శతాబ్దమున రెండవ సూర్యవర్మ విష్ణువునకై కట్టించిన ఆ మహాలయమును చూడకుండ ఆ దేశమునుండి తిరిగి వచ్చుట తగదు. కాని యాత్రికులలో పెక్కుమంది రెండు మూడు దినములు రాతికట్టడములు చూచి, శిల్పములయెదుట ఛాయాపటములు తీయించుకొని, వానిచుట్టును కాపురముండు మనుష్యుల మొగములు చూడకయే మరలుచున్నారు. మేము సియామ్ రీప్ పట్టణమున దిగిన మూడవనాడు పెద్దగుడులకు సెలవిచ్చి, ఒక మార్గదర్శినిని కుదుర్చుకొని, తెల్లవారినది మొదలు ప్రొద్దుగ్రుంకువఱకు పల్లెలలో తిరిగితిమి. ఆ దేశపు ఇటీవలి చరిత్రలో వంటయింటికి ఎంత చోటు కలదో ఆ దినమున మాకు తెలిసినది. దేవాలయములనుగూర్చిన పుస్తకములలో ఆ సంగతి కానరాదు గనుక ఇచట వ్రాయుచున్నాము.

ముందుగా పేరునుగూర్చి ఒక మాట. ఆ దేశస్థులు తమ దేశమును కంపూచియా యందురు. అది కంబుజ శబ్దమునుండి వచ్చినది. మనము భారతమున విను కాంభోజదేశము వాయవ్యదిక్కున నుండినది. రెండును ఒకటి కావు.

మార్గదర్శిని నలువదేండ్ల వయస్సు గల స్త్రీ. ప్రభుత్వపు అనుమతిపత్రము గలది, ఆంగ్లము చక్కగా మాటలాడును. మమ్ము ‘బాంగ్’ అని పిలుచుచుండెను. అనగా అక్క యని. వృద్ధురాండ్రను ‘యెయ్’ అని, అనగా అవ్వా యని పిలువవలెనని మాకు నేర్పెను. ఉదయమున కలిసికొన్నపుడు చేతులు జోడించి ‘అరుణ్ సూస్తెయ్’ అనెను. అరుణ, స్వస్తి అను మన మాటలే అవి యని తెలియుటకు మాకు కొంతసేపు పట్టినది.

ఈ యాత్ర చేయదలచువారికి మార్గశిరము మొదలు మాఘమువఱకు అనుకూలమైన కాలము. వానలు వెలిసి, కోతలు ముగిసి, తాటిబెల్లము కాచు పని సాగుచుండును. బండిని ‘రెమోర్క్’ అందురు; మోటారు సైకిలు వెనుక తగిలించిన నలుగురు కూర్చుండు టాపు బండి యది. ఎఱ్ఱదుమ్ము మిక్కుటము గనుక తలకు గుడ్డ కట్టుకొనుట మంచిది. త్రోవలోని బాంతే స్రెయ్ గుడికి అంగ్కోర్ క్షేత్రపు టిక్కెట్టే చెల్లును. దాని వెలను 2017లో ఒక దినమునకు 37 అమెరికా డాలర్లుగ నిర్ణయించి, అందు 2 డాలర్లు కాంతా బోఫా అను పిల్లల వైద్యశాలలకు పోవునట్లు ఏర్పాటు చేసిరి. భుజములు, మోకాళ్ళు కప్పని దుస్తులతో గుడులలోనికి రాగూడదని నియమము. చీర కట్టినవారికి ఆ చిక్కు లేదు.

అంగ్కోర్ వాట్ అగడ్తప్రక్కగా ఉత్తరముగ పోయి, అడవిలోని శిథిలముల నడుమ తూర్పునకు తిరిగిన త్రోవ కొంతసేపటికి పొలములలోనికి వచ్చును. కోత ముగిసిన వరిమళ్ళు, గట్లపై తాళ్ళు, గుంటలలో మెడవఱకు మునిగిన గేదెలు. కోనసీమవారు గాని కృష్ణాతీరమువారు గాని చూచినచో దారితప్పి సొంతయూరికే వచ్చితిమా యనుకొందురు. భేదము ఇండ్లలో కానవచ్చును. నిలువెత్తు స్తంభములపై పలకలతో కట్టిన ఇండ్లవి. మెట్లెక్కి పైకి పోవలెను. వానకాలమున నీటికిని పురుగుపుట్రకును అందకుండుటకై అట్లు కట్టుదురు. ఎండాకాలమున ఇంటిక్రింది చోటే చల్లని చావడి. వలయుయ్యెల, మగ్గము, ధాన్యపు బుట్టలు, కోళ్ళు, పసిబిడ్డలు, ముసలమ్మలు, అందఱును అచటనే. పెండ్లియైన పిదప అల్లుడు అత్తవారింటికి వచ్చి కాపురముండుట ఆ పల్లెలలో తఱచుగా నుండు పూర్వాచారము. ఇంటి డబ్బును లెక్కించి దాచునది ఇల్లాలే. మనకడ ఇల్లఱికపుటల్లుని చూచి నవ్వుదురని చెప్పగా మార్గదర్శినికి అందులో నవ్వవలసిన దేమో బోధపడలేదు.

ప్రెయా దాక్ అను ఊరిలో మా మొదటి మజిలీ. త్రోవకు రెండువైపులను గుడిసెలు, ప్రతి గుడిసెముందును మట్టిపొయ్యి, పొయ్యిపై రెండుచేతులు చాచినంత వెడల్పు పెనము, దానిలో కుతకుత ఉడుకుచున్న తాటిరసము. తాటిచెట్టును 2005లో కంబోడియా ప్రభుత్వము జాతీయవృక్షముగ ప్రకటించినది. ఆకు ఇంటికప్పుకు, మ్రాను పడవకు, పండు పిండివంటకు, రసము బెల్లమునకు పనికివచ్చును. చెట్టెక్కుట మగవారి పని, కాచుట ఆడువారి పని. మగవాడు మోకుతో గాక, కొమ్మమొదళ్ళను మెట్లుగ విడిచిన వెదురుబొంగును చెట్టునకు కట్టి దానిమీదుగ ఎక్కును. గెలను చెక్కపట్టకారుతో కొన్నిదినములు నొక్కి నొక్కి మెత్తపఱచి, పిదప కొనను పలుచగా చెక్కుచు, క్రింద వెదురుగొట్టము కట్టును. రసము పులియకుండుటకు మనవారు లొట్టికి సున్నము పూయుదురుగదా, వారు గొట్టములో ఒకజాతి చెక్కముక్కలు వేయుదురు. పోతుచెట్టునుండియు, పండ్లు కాయు చెట్టునుండియు రసము దిగును.

కాచు పని చూచుటకు ఇంపుగ నుండును గాని చేయువారికి ఇంపు కాదు. సుమారు ఎనిమిది లీటర్ల రసము మఱగినగాని ఒక కిలో బెల్లము రాదు. గంటలతరబడి పొగలో కూర్చుండి మంట తగ్గకుండ, పొంగకుండ, అడుగంటకుండ చూడవలెను. పాకము ముదిరినపుడు పెనమును దింపి, కవ్వమువంటి చెక్కపనిముట్టుతో చాలసేపు చిలుకుదురు. అపుడు అది తెల్లబడి గట్టిపడును. దానిని తాటియాకు చుట్టలలో పోసి బిళ్ళలుగ ఆరబెట్టుదురు. యాత్రికులు బండి దిగి, ఒక బిళ్ళను నోట వేసికొని, పొగలోని ముసలమ్మ పటము తీసికొని, అయిదు నిమిషములలో పోవుచున్నారు. మేము ఆ పొయ్యికడ గంటకు పైగా కూర్చుంటిమి. కొంపొంగ్ స్పూ అను మండలపు తాటిబెల్లమునకు 2010లో ఆ ప్రాంతపు పేరుమీద చట్టపు రక్షణ లభించినది. అచటివారు తప్ప ఇతరులు ఆ పేరుతో అమ్మరాదు. ఈ ఊరివారికి అట్టి పేరు లేదు. త్రోవన పోవువారే వీరి బేరము.

కాచుచున్న ఆమెకు డెబ్బది యేండ్లుండును. తలకు గళ్ళ ‘క్రమా’ చుట్టుకొన్నది. ఆ పొడవైన నూలుగుడ్డ అచటివారికి తలగుడ్డ, తువ్వాలు, మూట, బిడ్డకు ఉయ్యెల, సకలమును. దాని నేతను 2024లో యునెస్కోవారు మానవజాతి వారసత్వపు పట్టికలో చేర్చిరి. మేము మార్గదర్శిని నోట అడిగించితిమి: “అవ్వా, ఎన్నేండ్లనుండి కాచుచున్నావు?” ఆమె తెడ్డు ఆపకయే చెప్పెను: “పదేండ్ల పిల్లనుండి. నడుమ నాలుగేండ్లు తీసివేయుడు. అప్పుడు మాకు పొయ్యి లేదు.”

ఆ నాలుగేండ్ల సంగతి మార్గదర్శిని బండిలో చెప్పెను. కొంత మేము చదివియుంటిమి. కాని చదివినపుడు పొయ్యినిగూర్చి తలంచలేదు.

1975 ఏప్రిలు 17వ తేదీని ఖ్మేర్ రూజ్ అను పక్షమువారు రాజధానియగు నోమ్ పెన్ పట్టణమును పట్టుకొనిరి. కొలదిదినములలో పట్టణములన్నిటిని ఖాళీ చేయించి, రోగులను బాలెంతలను గూడ విడువక జనులను పొలములకు తోలిరి. డబ్బును రద్దు చేసిరి. బడులు, బజారులు, బౌద్ధవిహారములు మూతపడెను. 1979 జనవరి 7వ తేదీని వియత్నాము సేనలు నోమ్ పెన్ చేరువఱకు ఆ పాలన సాగినది. అంతలో ఆకలిచేతను, రోగములచేతను, చాకిరిచేతను, హత్యలచేతను 15 మొదలు 20 లక్షల మంది చనిపోయిరి. అప్పటి జనసంఖ్య 80 లక్షలకు లోపు. నలుగురైదుగురిలో ఒక్కరన్నమాట.

ఈ లెక్కలు పుస్తకములలో ఉన్నవి. ఇండ్లలో జరిగినది వేఱు. 1976 నుండి దేశమంతటను సామూహిక భోజనశాలలు పెట్టిరి. ఇంటిలో వండుకొనుట నేరమయ్యెను. కుండలు, పెనములు, పళ్ళెములు సంఘమునకు ఒప్పగింపవలెను. మనిషికి చెంచా ఒక్కటి మిగిలినదని ఆ కాలమును గడచి బ్రతికినవారు చెప్పుదురు. పెద్దకొప్పెరలలో కాచిన నీళ్ళగంజి గరిటెతో పోయుదురు. అందు బియ్యపుగింజలను లెక్కపెట్టవచ్చునట. బిడ్డ ఆకలికి తల్లి పొలముగట్టున ఒక పీతను పట్టి కాల్చియిచ్చినను, ఒక దుంపను దాచినను అది సంఘపు సొత్తును దొంగిలించుటయే. అట్టివారిని చంపుటయు కలదు. భర్త ఒక దళములో, భార్య వేఱొక దళములో, ఈడు వచ్చిన పిల్లలు మఱియొక చోట. పెండ్లిండ్లును వారే నిర్ణయించి, ఎఱుగని స్త్రీపురుషులను పదులకొలది ఒకేసారి జతపఱచిరి. ఆ బలవంతపు వివాహములు మానవజాతిపై చేసిన నేరములేయని నోమ్ పెన్‌లోని ప్రత్యేక న్యాయస్థానము 2018లో తీర్పు చెప్పినది. 2022లో పునర్విచారణయందును అది నిలిచినది.

ఇదంతయు ఎందులకు? మనుష్యునకు ఇంటివారిపై మమకారము తెగినగాని సంఘముపై భక్తి కుదరదని వారి సిద్ధాంతము. కలిసి వండుకొని కలిసి తినుటను మాన్పించినచో కుటుంబము దానియంతట అదే విడిపోవునని వారు గ్రహించిరి. వంటయింటి పనిని అల్పమని చూచువారు ఈ ఒక్క సంగతి ఆలోచింపవలెను. దేశము నేలిన ఆ క్రూరులు దానిని అల్పమనుకొనలేదు. దానిని ఆర్పిరి.

ఆ ఊరిలోనే మధ్యాహ్నభోజనము. ‘నమ్ బాన్ చోక్’ అను వంటకమునకు ప్రెయా దాక్ పేరుపడ్డది. మన బియ్యపుపిండి జంతికలను నూనెలోగాక నీటిలో ఉడికించినట్లుండును. బియ్యము నానబోసి రుబ్బి, గుడ్డలో మూటకట్టి, పైని రాళ్ళు పెట్టి నీరు పిండి, పులియనిచ్చి, పిదప దంచి, రంధ్రములున్న గొట్టమునుండి మఱగు నీటిలోనికి ఒత్తుదురు. పూర్వము కాలితో త్రొక్కు రోకలితో దంచెడివారు. కొన్ని ఇండ్లలో అది యింకను ఉన్నది. ఒత్తిన పోగులను చన్నీటిలో కడిగి, చిలుపలుగ చుట్టి అరటియాకుపై పేర్చుదురు. దానిపై చేపలు, పసుపు, నిమ్మగడ్డి, కొబ్బరిపాలు కలిపిన పులుసు పోసి, అరటిపువ్వు, దోసకాయ, కలువకాడలు సన్నగ తఱిగి చల్లుదురు. మాలో శాకాహారులకు పులుసు లేక, ఉత్త పోగులు, ఆకుకూరలు, ఉప్పు, తాటిబెల్లము దొరకినవి. ఆకలికి అది చాలినది. చేపపులుసు తినినవారు రెండవసారి అడిగిరి. అచటివారు ఒక కథ చెప్పుకొందురు. ధనంజయుడను యుక్తిపరుడొకడు, మన తెనాలి రామలింగనివంటివాడు, రాజు ఆగ్రహించి వెడలగొట్టగా చీనాకు పోయి ఈ వంట చేసి అమ్మెనట. చీనావారికి పిండిపోగులు నేర్పినవాడు అతడేయని వారి గర్వము.

అమ్ముచున్న తల్లికూతుండ్ర చేతులు ఒకదానివెంట ఒకటి పోవుచుండగా చూచుచు, ఈ పని నాలుగేండ్లు నిలిచిపోయి మరల ఎట్లు వచ్చినదని మేము అడిగితిమి. 1979లో జనులు కాలినడకను సొంతయూళ్ళు వెదకికొనుచు వచ్చునప్పటికి పెద్దవారిలో స్త్రీలే హెచ్చు. కొన్నిచోట్ల నూటికి 60 మందికి మించి స్త్రీలే యని అంచనా. పశువులు లేవు, విత్తనము లేదు, దున్నుటకు మగవారు చాలరు. పది పదునైదు కుటుంబములను ఒక జట్టుగ కూర్చి, ఉన్న యెద్దులతో అందఱ పొలములు దున్నుడని కొత్త ప్రభుత్వము ఏర్పాటు చేసినది. భర్తలేని స్త్రీలు నాగలి పట్టిరి. పిండిపోగుల పాళ్ళు గాని, పాకపు పదును గాని ఎచటను వ్రాసిపెట్టినవి కావు. బ్రతికి వచ్చిన ముసలమ్మల చేతులలో మిగిలినవి. తల్లి చనిపోయిన పిల్ల ప్రక్కింటి అవ్వకడ నేర్చుకొన్నది. ఈ సంగతి చెప్పునపుడు మార్గదర్శిని తన తల్లి అట్లు నేర్చుకొన్నదే యనెను.

అక్కడినుండి బాంతే స్రెయ్ గుడికి పోతిమి. సామాన్యశకము 967లో ప్రతిష్ఠ జరిగిన శివాలయమిది. కట్టించినవాడు రాజు కాదు, యజ్ఞవరాహుడను రాజగురువు. గులాబిరంగు ఇసుకరాయి, చెక్కపై చెక్కినంత సన్నని పని. గర్భాలయపు ద్వారములు మనిషి యెత్తున సగమునకు కొంచెము మించును. రావణుడు కైలాసము నెత్తుచుండగా పార్వతి బెదరి శివుని ఆనుకొనుట, హిరణ్యకశిపుని చీల్చు నృసింహుడు, వాలిసుగ్రీవుల పోరు, ఖాండవదహనము, ఎవరును చెప్పనక్కఱలేకయే మేము పోల్చుకొంటిమి. మార్గదర్శిని మాచే ఆ కథలు చెప్పించుకొని వినుచుండెను! బాంతే స్రెయ్ అనగా ‘స్త్రీల కోట’; స్రెయ్ యనునది మన స్త్రీశబ్దమే. ఈ పేరు తరువాతి జనులు పెట్టినది. గోడలపై నిలిచిన దేవతల జడలు, మొలనూళ్ళు, చెవులపోగులు చూచినచో ఎందుకు పెట్టిరో తెలియును. 1923లో ఆంద్రె మాల్రో యను ఫ్రెంచి యువకుడు ఆ దేవతలను గోడనుండి కోయించి తీసికొనిపోవుచు పట్టుబడెను. శిల్పములు మరల గుడికి చేరినవి. ఆయనయే తరువాత గొప్ప రచయితయై, తన దేశమున సాంస్కృతికశాఖకు మంత్రియు అయ్యెను.

గుడిలో మాకు కలిగిన సంతోషమును దాచము. కాని అచటి శిల్పములను చూచి ‘అంతయు మనదే’ యని పొంగిపోవు మనవారి మాట మాకు నచ్చదు. కథలు మనవి, రాయి, చేయి, శ్రమ వారివి.

తిరుగుదారిలో మందుపాతరల వస్తుశాల కలదు. దానిని నెలకొల్పిన అకీ రా యనునతడు పసితనమున ఖ్మేర్ రూజ్ సేనలో చేర్చబడి, స్వయముగ పాతరలు పాతినవాడు. పెద్దవాడై వానిని ఒక్కొక్కటిగ త్రవ్వి తీయసాగెను. తీసిన గుల్లలు అచట గుట్టలుగ నున్నవి. 1979 తరువాతను అడవులలో పోరు 1998 వఱకు సాగినది గదా, ఎవరు ఎచట పాతిరో గుర్తులేని పాతరలు పొలములలో మిగిలినవి. 1979 నుండి వానిచేతను ప్రేలని గుండ్లచేతను సుమారు 65,000 మంది గాయపడుటయో చనిపోవుటయో జరిగినది. కట్టెలకు పోయిన స్త్రీలు, పశువులను తోలుకొనిపోయిన పిల్లలు అందున్నారు. పాతరలు తీయు దళములలో స్త్రీలును పనిచేయుచున్నారు. ఆఫ్రికాజాతి పెద్దయెలుకలకు వాసన పట్టుట నేర్పి వానిచే గూడ వెదకించుచున్నారు. వాని బరువునకు పాతర ప్రేలదు. టెన్నిసు ఆడు మైదానమంత నేలను ఎలుక అరగంటలో చూచివేయునట. మగావా యను నొక యెలుక నూటికి పైగా పాతరలను గుండ్లను పసికట్టి, 2020లో ఒక ఆంగ్లసంఘమువారి బంగారుపతకము పొంది, 2022లో చనిపోయినది. పల్లెలలో బాటవిడిచి నడువవద్దని మార్గదర్శిని ఉదయమున చెప్పినపుడు మాలో ఒకరు నవ్విరి. ఇచట ఎవరును నవ్వలేదు.

ఎండ తగ్గినపిదప ఒక బౌద్ధవిహారమున ఆగితిమి. 1979 తరువాత మరల కట్టుకొన్నది. వారికిని భాద్రపద బహుళపక్షము పితృపక్షమే. దానిని ‘ప్చుమ్ బెన్’ అందురు. ప్చుమ్ అనగా కూడుట, బెన్ అనగా మన పిండమే. ఆ పదునైదు దినములును స్త్రీలు రాత్రియే వండి, నువ్వులు, కొబ్బరిపాలు కలిపిన అన్నపుముద్దలు పట్టుకొని, తెల్లవారకముందే విహారము చుట్టును తిరిగి చీకటిలో వేయుదురు. ఆకలిగొన్న పితరులు వెలుతురున రాజాలరని నమ్మకము. ఆ పితరులు ఏడు విహారములవఱకు తమవారికై వెదకికొందురట. చనిపోయినవారి పేర్లు కాగితముపై వ్రాసి యిచ్చినచో భిక్షువు చదువును.

మార్గదర్శిని తల్లి వ్రాయించు కాగితములో తొమ్మిది పేర్లున్నవి. ఇద్దఱు మాత్రమే ఏ యూర చనిపోయిరో తెలియును. తక్కిన యేడుగురు ఎచట వెదకికొనుచుందురో తెలియదు గనుక ఆమె ప్రతిసంవత్సరము ఏడు విహారములకును పోవును. ముద్దలు తానే వండును. కుమార్తెను బియ్యము నానబోయనిచ్చును గాని పొయ్యిదగ్గఱకు రానీయదు.